ఆరు ఋతువులూ గ్రీన్‌రూమ్‌లోనే

ఉగాది కార్యక్రమం మర్నాడు మన తెలుగు సంఘం నుంచి అందరికీ వచ్చిన ఈమెయిల్ మీరూ చదివే ఉంటారు. "సమయాభావం వల్ల కొన్ని అంశాలు ప్రదర్శించలేకపోయాం, సహృదయంతో అర్థం చేసుకోగలరు." ఆ కొన్ని అంశాల్లో మా పిల్లల ఋతువుల నాటిక ఒకటి. కోపం మీద రాయకూడదని కొన్నాళ్లు ఆగాను. ఆగినకొద్దీ పెరుగుతోందే తప్ప తగ్గడం లేదు కాబట్టి ఇక రాసేస్తున్నాను.

ఆ సాయంత్రం జరిగింది మీకు తెలియనిది కాదు. జ్యోతి ప్రజ్వలన, పంచాంగ శ్రవణం, ఆ తరవాత స్పాన్సర్ల సన్మానం. ప్లాటినం, గోల్డ్, సిల్వర్ వరసలో ఒక్కొక్కరికీ శాలువా, జ్ఞాపిక, ఫొటో, మళ్లీ కుటుంబ సమేతంగా ఇంకో ఫొటో. పిమ్మట ముఖ్య అతిథిగారు పరాయి గడ్డ మీద మన పిల్లలకు తెలుగు ఎందుకు నేర్పాలో చాలాసేపు చెప్పారు. ఆ పిల్లలు అప్పుడు తెర వెనకాల తెలుగు డైలాగులు వల్లె వేసుకుంటూ ఆకలితో కూర్చున్నారు.

నాటిక మా బేస్‌మెంట్‌లో తయారైంది. వసంతం వేషానికి మోదుగ పూలు కావాలి. ఈ దేశంలో మోదుగ ఎక్కడ దొరుకుతుంది? నారింజరంగు క్రేప్ కాగితం చిలకముక్కుల్లా కత్తిరించి, కాడకు పచ్చ టేపు చుట్టి, ఆ కుర్రాడి వాళ్లమ్మా నేనూ రాత్రిళ్లు గుత్తులు కట్టాం. వర్షం వేషం పాప ఇక్కడే పుట్టి పెరిగింది. 'చిటపట చినుకులు' అనమంటే మొదట్లో 'చిట్‌పట్ చినుక్‌లు' అనేది, చివరి రిహార్సల్‌కు ముత్యాల్లా అనేసింది. హేమంతానికి మాత్రం తను ఎవరో ఆఖరిదాకా అర్థం కాలేదు. "ఆంటీ, నేను ప్రీ-వింటరా?" అని అడుగుతూనే ఉన్నాడు.

వేదిక చూసుకుంటున్న వాలంటీరు కుర్రాడు వచ్చి, "అక్కా, ఏమీ అనుకోకండి, పదింటికల్లా హాలు ఖాళీ చెయ్యాలి, మ్యూజికల్ నైట్ వాళ్లు సౌండ్ చెక్ మొదలెట్టేశారు" అన్నాడు. పాపం, అతని తప్పేముంది. వర్షం పాప జుట్టులోంచి వెండికాగితం చినుకులు ఒక్కొక్కటే పీక్కుంటూ "ఇట్స్ ఓకే ఆంటీ" అంది. ఆ ఓకే నాకు ఇప్పటికీ మింగుడుపడటం లేదు.

ఋతువుల నాటిక ఆలోచన నా సొంతం కాదు. రవీంద్రనాథ్ టాగోర్ చిన్న కొడుకు శమీంద్రనాథ్ 1907 శ్రీపంచమికి శాంతినికేతన్‌లో, తండ్రి నడిపే బడిలో, తోటి పిల్లల్ని పోగేసి, ఋతువుల వేషాలు కట్టించి ఒక ఉత్సవం చేశాడు. ఆ ఏడాది నవంబరులోనే బీహార్‌లోని ముంగేరులో కలరాతో పోయాడు. వాడికి పదకొండేళ్లయినా నిండలేదు. అప్పటికే ఆ తండ్రి భార్యను, కూతురు రేణుకను, తన తండ్రిని పోగొట్టుకుని ఉన్నాడు. మనమైతే ఆ ఉత్సవం పేరెత్తడానికే భయపడేవాళ్లం. ఆయన దగ్గర అదే ఏళ్లు గడిచేకొద్దీ పెరిగింది. వానకు వర్షామంగళం, వసంతానికి వసంతోత్సవం వచ్చాయి. 1928లో మొక్కను అలంకరించి పల్లకీలో ఊరేగించి నాటే వృక్షారోపణం వచ్చింది. పక్కనే తన గ్రామాభివృద్ధి కేంద్రం శ్రీనికేతన్‌లో హలకర్షణం పెట్టి, ఏరువాక నాటి రైతులా తనే నాగలి పట్టాడు.

టాగోర్ అనగానే మనకు గీతాంజలి, నోబెల్, తెల్లగడ్డం. ఆయన నలభై ఏళ్లు ఒక బడిని, తరవాత ఒక విశ్వవిద్యాలయాన్ని నడిపిన మనిషని ఎవరూ తలుచుకోరు. 1901 డిసెంబరులో ఐదుగురు పిల్లలతో బడి తెరిచాడు. వాళ్లలో ఒకడు సొంత కొడుకే. డబ్బు చాలక భార్య నగలూ పూరీలో ఇల్లూ అమ్మాడు. 1921లో అది విశ్వభారతి అయింది. ఆ విశ్వవిద్యాలయాధిపతి పండగ నాడు ఎక్కడుండేవాడు? ముందు వరసలో శాలువా కప్పుకుని కాదు. పాటలు రాసి, వరసలు కట్టి, పిల్లలతో కలిసి వేషం వేసేవాడు. 1916లో బాంకురా కరువు బాధితుల కోసం కలకత్తాలో వేసిన నాటకంలో గుడ్డి బావుల్‌గా (బావుల్ అంటే ఊరూరా పాడుకుంటూ తిరిగే బెంగాలీ గాయకుడు) నటించాడు. మంచి ఇంటి ఆడపిల్లలు రంగం మీద ఆడితే కలకత్తా ముక్కున వేలేసుకునే రోజుల్లో, 1927లో, అందరూ ఆడపిల్లలే ఉన్న తన నాటకం 'నటీర్ పూజ'లో తన కోసం కొత్తగా ఒక బౌద్ధ భిక్షువు పాత్ర రాసుకుని వాళ్లతోపాటు తనూ వేదికెక్కాడు. అనేవాళ్లు ముందు తనను అనాలి మరి. మన అధ్యక్షుల్లో ఒక్కరైనా పిల్లల నాటకంలో కనీసం చెట్టు వేషం వేశారా?

మన తెలుగువాళ్లకు ఆయన అంత దూరపువాడేమీ కాదు. 1919లో మదనపల్లె బిసెంట్ కాలేజీలో ఉండగానే జనగణమనను ఇంగ్లీషులోకి రాసుకున్నాడు, ఆ కాలేజీ ప్రిన్సిపాల్ భార్య మార్గరెట్ కజిన్స్ ఆ పాటకు స్వరాలు రాసిపెట్టింది. పిఠాపురం ఆస్థాన వైణికులు తుమరాడ సంగమేశ్వర శాస్త్రిగారి వీణ విని శాంతినికేతన్‌కు పిలిపించుకున్నాడు. ఆంధ్ర రాష్ట్ర ముఖ్యమంత్రిగా చేసిన బెజవాడ గోపాలరెడ్డిగారు అక్కడ చదువుకున్నవారే.

ఇక న్యాయంగా అవతలి పక్షం కూడా చెప్పాలి. "స్పాన్సర్లు లేకపోతే హాలు అద్దె నువ్వు కడతావా?" అని కోశాధికారిగారు అడుగుతారు. అడగాల్సిన మాటే. టాగోర్ కూడా జోలె పట్టుకుని తిరిగాడు. విశ్వభారతికి నిజాం ఇచ్చిన లక్ష రూపాయలు కళ్లకద్దుకుని తీసుకున్నాడు. డెబ్బై ఐదుకు దగ్గరపడిన వయసులో, 1936లో, నాట్యబృందాన్ని వెంటేసుకుని నిధుల కోసం ఊరూరా తిరుగుతూ ఢిల్లీ చేరితే, ఈ వయసులో ఈ తిరుగుళ్లేమిటని గాంధీగారు అరవై వేల రూపాయలు ఇప్పించి ఆపారు. ఆయన ఉన్నన్నాళ్లూ ఆ సంస్థను డబ్బు ఇబ్బంది వెంటాడుతూనే ఉంది. ఉత్సవాలూ అలాగే మిగల్లేదు. పర్యాటకులు విరుచుకుపడటంతో ఈమధ్య వసంతోత్సవాన్ని బయటివాళ్లు లేకుండా విశ్వవిద్యాలయం తనవరకే జరుపుకోవాల్సి వస్తోంది.

అయినా ఒక తేడా ఉంది. ఆయన పిల్లల్ని వేదిక మీద చూపించి డబ్బు అడిగాడు. మనం డబ్బిచ్చినవాళ్లను వేదిక మీద చూపించి పిల్లల్ని ఇంటికి పంపిస్తున్నాం.

ఈ జబ్బు ఇక్కడికొచ్చాక పట్టుకున్నది కూడా కాదు. మా ఊళ్లో శ్రీరామనవమి పందిట్లో సర్పంచి ఉపన్యాసం అయ్యేదాకా నాటకం మొదలయ్యేది కాదు. దండలు, చందాల చదివింపులు, 'ఫలానావారు నూట పదహార్లు' అన్న మైకు కేకలు అప్పుడూ ఉన్నాయి. కానీ ఎంత ఆలస్యమైనా నాటకం ఆగేది కాదు, తెల్లారేదాకా సాగేది. మేము చాపల మీదే నిద్రపోయి, పద్యం ఎత్తుకోగానే లేచేవాళ్లం. పందిరికి గంటల లెక్కన అద్దె లేదు కదా! (మా అన్నయ్య ఇది చదివి "సగం రోజులు హార్మోనియం అతనే వచ్చేవాడు కాదే" అంటాడు. అననివ్వండి.)

అందుకని దసరా, దీపావళి కమిటీవారికి నా మనవి. పిల్లలది మొదట పెట్టండి. అతిథిగారు ఆలస్యమైతే పిల్లలు ఆయన కోసం ఆగక్కర్లేదు, పిల్లల కోసం ఆయన ఆగగలరు. స్పాన్సర్ల పేర్లు తెర మీద వెయ్యండి, ఈ పత్రికలో నిండు పేజీ ఇవ్వండి, భోజనాల దగ్గర శాలువాలు కప్పండి. నేనే వచ్చి చప్పట్లు కొడతాను. ఈసీ (సంఘం కార్యవర్గం) సభ్యుల్లో ఇద్దరైనా పిల్లల నాటకంలో వేషం వెయ్యండి. హేమంతం ఖాళీగా ఉంది, ఆ కుర్రాడు మళ్లీ రానన్నాడు.

ఈసీ ఎన్నికలు దగ్గరపడుతున్నాయి. సాంస్కృతిక కార్యదర్శి పదవికి నిలబడేవాళ్లు ఎలాగూ ఫోన్లు చేస్తారు. పిల్లల కార్యక్రమం ఎన్ని గంటలకు పెడతారో చెప్పమంటాను. సరైన టైము చెప్పినవాళ్లకు మా ఇంట్లో ఓట్లన్నీ వేయించే పూచీ నాది.