సైకిలెక్కిన మంత్రసానుల మీద ఒక ఫిర్యాదు

మా కోడలి బుర్ర పాడుచేస్తున్న ఒక సీరియల్ మీద ఈ ఫిర్యాదు. పేరు కాల్ ద మిడ్‌వైఫ్. బీబీసీ వాళ్లు 2012 జనవరిలో మొదలుపెట్టారు. కథ 1957లో లండన్ తూర్పున, రేవు పక్కనున్న పాప్లర్ అనే బీదపేటలో మొదలవుతుంది. నొనాటస్ హౌస్ అనే క్రైస్తవ మఠంలో ఉండే సిస్టర్లు, కుర్ర నర్సులు సైకిళ్ల మీద ఇంటింటికీ వెళ్లి పురుళ్లు పోస్తుంటారు.

మొదటి అభ్యంతరం, బిల్లు లేదు. కళ్లలో వత్తులు వేసుకుని చూశాను. అడ్వాన్స్ ఎంత, గది ఏసీయా నాన్ ఏసీయా అని ఒక్కరూ అడగరు. 1948లో అక్కడి సర్కారు వైద్యం ఉచితం చేసింది. చేస్తే చేసింది, టీవీలో చూపించాలా? చూసినవాళ్లకు లేనిపోని ఆలోచనలు రావూ?

ఇక పనిముట్లు. నర్సమ్మ చిన్న బూర లాంటిది తీసి, ఒక కొస కడుపు మీద ఆనించి, రెండో కొసకి చెవి పెట్టి బిడ్డ గుండె చప్పుడు వింటుంది. స్కాన్ మాటే లేదు. నొప్పి తగ్గడానికి పీల్చే గ్యాస్, ముందుగా ఎనీమా. మన బామ్మలకు ఆముదం మీద ఎంత నమ్మకమో, ఆ పెద్ద సిస్టర్లకు ఎనీమా మీద అంత.

మొదటి ఎపిసోడ్‌లోనే ఒకావిడకి ఇరవై ఐదో కాన్పు! ఆవిడకి స్పానిష్ తప్ప రాదు, మొగుడికి ఇంగ్లీషు తప్ప రాదు. కాపురం అంత చల్లగా సాగింది అందుకేనని మా ఆవిడ తీర్పు. నెలలు నిండకుండా పుట్టిన ఆ పసిగుడ్డుని ఆసుపత్రికి పంపనని తల్లి గుండెలకి హత్తుకుని కూర్చుంది. బిడ్డ బతికింది. ఎన్ని రోజుల ఇంక్యుబేటర్ బిల్లు పోయిందో!

అన్నిటికన్నా ఘోరం, ముహూర్తం లేకపోవడం. రాహుకాలమో వర్జ్యమో చూడకుండా బిడ్డలు ఎప్పుడు పడితే అప్పుడు పుట్టేస్తారు. మనం ఎంత ముందున్నామో చూడండి. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం తెలంగాణలో నూటికి అరవై కాన్పులు సిజేరియన్లే, ప్రైవేటు ఆసుపత్రుల్లో ఎనభై పైనే.

ఒకచోట మాత్రం నోరు పెగల్లేదు. వేవిళ్లకి మంచి మందని సీరియల్‌లోని డాక్టర్ టర్నర్ నమ్మి రాసిచ్చిన బిళ్లల్లో ఉన్నది థాలిడోమైడ్. కాళ్లూ చేతులూ సరిగా లేని పసిపిల్లలు పుట్టారు. బ్రిటన్‌లో 1961 చివర్లో ఆ మందు ఆపేశారు. మంత్రసానితనం ఒప్పుకున్నాక ఏదొచ్చినా పట్టాలని మనవాళ్లు నవ్వుతూ అంటారు. ఆ ఎపిసోడ్ చూసిన రాత్రి మా ఇంట్లో ఎవరూ నవ్వలేదు.

సరే, మళ్లీ ఫిర్యాదులోకి వస్తాను. కథ ఇప్పుడు 1970 దాటింది. అసలు చరిత్రలో ఆ ఏడాదే అక్కడి పురుళ్ల సేవల మీద వేసిన పీల్ కమిటీ, కాన్పులన్నిటికీ ఆసుపత్రుల్లోనే ఏర్పాట్లు ఉండాలని చెప్పింది. ఇంగ్లీషువాళ్లకి ఆలస్యంగానైనా బుద్ధొచ్చిందని సంతోషించాను. కానీ అప్పటికే మా ఇంట్లో జరగాల్సిన నష్టం జరిగిపోయింది.

కోడలికి ఇప్పుడు ఏడో నెల. పోయినవారం చెకప్‌లో, "నొప్పులొచ్చేదాకా ఆగుదామా మేడం?" అని అడిగిందట. డాక్టరమ్మ రాస్తున్న పెన్ను ఆపి, "ఈ మధ్య ఏం సీరియల్ చూస్తున్నావమ్మా?" అందట.