31వ మలుపులో రాగులు

నిన్న ఆదివారం పొద్దున తొమ్మిదింటికి నేను ఇటలీలో ఉన్నాను. ఒళ్లు మాత్రం మారతహళ్లిలో, మూడో అంతస్తులో, మా హాల్లో టీవీకి ఎదురుగా ఉంది.

బెంగళూరు దగ్గరి నందికొండకి సైకిల్ మీద పోవాలంటే తెల్లారకముందే లేవాలి. అది నావల్ల కాక సెకండ్ హ్యాండ్‌లో ఒక ట్రైనర్ కొన్నాను, అంటే ఇంట్లోనే సైకిల్ తొక్కే యంత్రం. సైకిల్ వెనక చక్రాన్ని స్టాండులో బిగిస్తే టైరు ఒక ఇనప రోలర్ మీద గిరగిరా తిరుగుతుంది. టీవీలో వీడియో గేమ్‌లా కొండదారి, దాని మీద నా బొమ్మ కనిపిస్తాయి. ఆ కొండ నిటారుగా అయ్యేకొద్దీ పెడల్ బిగుసుకుంటుంది. చప్పుడు ఉంటుంది, కాదనను.

ఎక్కుతున్నది స్టెల్వియో కనుమ. 2,757 మీటర్లు. ఆల్ప్స్‌లో తారు రోడ్డున్న కనుమల్లో దీనికన్నా ఎత్తైనది ఫ్రాన్స్‌లోని ఇజెరాన్ ఒక్కటే. ప్రాటో ఊరి వైపు నుంచి సుమారు 24 కిలోమీటర్లు, 48 హెయిర్‌పిన్ మలుపులు. ప్రతి మలుపుకీ నంబరుంటుంది. కింద 48, పైన 1. 1953లో ఇటలీ సైకిల్ పందెం మొదటిసారి ఈ దారిన వెళ్లినప్పుడు ఫౌస్టో కోపీ అనే ఇటలీ ఆయన ఇక్కడే అందర్నీ వెనకేసి, పందెంలో ముందున్నవాడు తొడుక్కునే పింక్ జెర్సీ లాగేసుకున్నాడు. ఇంకో సంగతి. ప్రాటో ఎత్తు దాదాపు 915 మీటర్లు, మన బెంగళూరు 920. అంటే కొండ మొదలు దాకా నేను పుట్టింటికి వచ్చినంత సుఖంగా వచ్చేసినట్టే. ఈ మాట చెబితే మా ఆవిడ సంచీ తీసుకుని కూరగాయలకి వెళ్లిపోయింది.

31వ మలుపులో బెల్ మోగింది. అత్తయ్య గారు తలుపు తీశారు.

గుమ్మంలో అసోసియేషన్ సెక్రటరీ గారు, చేతిలో రిజిస్టరు. వెనక కింది ఫ్లాట్ పెద్దావిడ, చంకలో స్టీలు డబ్బా. నా అవతారం చెప్పాలి: చొక్కా లేదు, నెత్తికి తువ్వాలు, ఒంటికి అతుక్కున్న నల్ల నిక్కరు, దానికి వెనకవైపు దిండులాంటి కుట్టు.

మర్యాదగా దిగాలి కదా. బూటు అడుగున క్లీటు అని చిన్న బిళ్ల ఉంటుంది, పెడల్లో టక్కున ఇరుక్కుంటుంది. మడమ బయటికి తిప్పితే ఊడుతుంది. కుడికాలు ఊడింది. ఎడమకాలు తిప్పాను. తిరిగింది. ఇంకా తిప్పాను. ఇంకా తిరిగింది. క్లీటుని పట్టుకునే రెండు బోల్టుల్లో ఒకటి ఎప్పుడో రాలిపోయిందన్నమాట. అలాంటప్పుడు బూటు ఒక్కటే తిరుగుతుంది, క్లీటు పెడల్లో తపస్సు చేసుకుంటుంది.

"సార్, ఫ్లాట్లో పిండిమర పెట్టారని కంప్లైంట్. డొమెస్టిక్ మీటరు మీద కమర్షియల్ నడపకూడదు."

ఆయన రొప్పుతున్నారు. ఎందుకంటే మా లిఫ్టు చెడిపోయి పదకొండు రోజులైంది. అడిగినప్పుడల్లా 'ఫాలో అప్‌లో ఉన్నాం' అని గ్రూపులో ఒక నమస్కారం బొమ్మ పెడతారు. నీళ్ల ట్యాంకు పొంగినా పైకి రాని మనిషి, లేని పిండిమర కోసం మూడంతస్తులు ఎక్కొచ్చారు. ఆయనా రొప్పుతూ, నేనూ రొప్పుతూ, ఇద్దరు పోటీదార్లు కనుమ మీద కలుసుకున్నట్టు నిలబడ్డాం.

"దిగి మాట్లాడండి సార్."

"దిగలేనండీ."

"అంత బిజీనా?"

టీవీలో నా బొమ్మ మలుపులో ఆగిపోయింది. బెల్జియం జెండా ఉన్న ఒకాయన పక్కనుంచి చక్కా పోయాడు.

ఈలోపు పెద్దావిడ ముందుకొచ్చి రోలర్ని వంగి చూశారు. "బాబూ, రాగులకి కిలో ఎంత తీసుకుంటున్నావు? సంకటికి, మరీ మెత్తగా వద్దు."

"పిండిమర కాదు పిన్నిగారూ, కొండెక్కుతున్నా" అన్నాను. ఆవిడ అత్తయ్య గారి వైపు జాలిగా చూశారు. ఆ చూపు నాకు అర్థమైంది. అత్తయ్య గారు కూడా "దానిదేముందమ్మా, పెట్టి వెళ్లండి" అంటూ డబ్బా అందుకున్నారు.

సెక్రటరీ గారు వాచ్‌మన్‌ని పిలిపించారు. వాచ్‌మన్ కొబ్బరినూనె అడిగాడు. ఒకరు సైకిల్ పట్టుకున్నారు, ఒకరు నా మోకాలు పట్టుకున్నారు. నేను మడమ ఎటు తిప్పాలో ఉపన్యాసం ఇస్తున్నాను. నేను చదివింది మెకానికల్ ఇంజినీరింగ్, అందుకని వివరంగానే ఇచ్చాను. పది నిమిషాలైంది.

"అల్లుడు గారూ, ఇరుక్కుంది బూటు కదా, కాలు తీసేస్తే పోదూ?" అన్నారు అత్తయ్య గారు వంటింట్లోంచి.

తీశాను. వచ్చేసింది.

ఎవరూ ఏమీ అనలేదు. వాచ్‌మన్ నూనె సీసా మూత పెట్టాడు. సాయంత్రం గ్రూపులో నోటీసు: ఫ్లాట్లలో మరలు, తత్సమాన యంత్రాలు నిషేధం. కింద అదే నమస్కారం బొమ్మ. లిఫ్టు ఊసే లేదు.

పెద్దావిడ ఇవాళ రెండుసార్లు ఫోన్ చేశారు, పిండి అయిందా అని. నాలుగు కిలోలు, మిక్సీకి లొంగదు. మూడంతస్తులు దిగి మరకి మోసుకెళ్లాలి. సైకిల్ మీద పోదామంటే ఎడమ పెడల్‌కి ఇంకా బూటు వేలాడుతోంది.