బ్రహ్మపుత్ర ఎండిపోదు, ఆ మెసేజ్ పంపడం ఆపండి

మళ్లీ అదే మెసేజ్. చైనా టిబెట్‌లో ప్రపంచంలోనే అతిపెద్ద డ్యామ్ కడుతోందట, అది పూర్తవగానే బ్రహ్మపుత్ర నీళ్లన్నీ ఆపేస్తుందట, అస్సాం ఎడారి అవుతుందట. ఎలాగూ ఆ నీళ్లు ఎవరికీ పనికిరాకుండా సముద్రంలో కలుస్తున్నాయట. బాగా చదువుకున్నవాళ్లే పంపుతున్నారు. అదే నా చిరాకు.

చివరి మాట ముందు తేల్చేద్దాం. సదియా నుంచి ధుబ్రి దాకా 891 కిలోమీటర్ల బ్రహ్మపుత్ర మన రెండో జాతీయ జలమార్గం. మాజులి దీవి జనం నిమాతి ఘాట్‌కి ఫెర్రీల్లో వస్తారు. బంగ్లాదేశ్‌లో ఎంతో పంటభూమి ఈ నది మోసుకొచ్చిన ఒండ్రే.

నీళ్లన్నీ చైనావి కావు. హిమాలయాల అవతల వాన తక్కువ. సియాంగ్ అనే పేరుతో అరుణాచల్‌లోకి దిగాకే దిబాంగ్, లోహిత్, సుబన్‌సిరి, మానస్ లాంటి ఉపనదులు కలిసి ఇది అంత పెద్ద నది అవుతుంది. చైనా వైపు నుంచి వచ్చేది 30-35 శాతమేనని 2025లో అస్సాం ముఖ్యమంత్రే చెప్పారు.

ఇక ఎడారి. ఏటా వానాకాలంలో కాజీరంగా మునుగుతుంది, మాజులి ఒడ్డు కోసుకుపోతుంది, వేలమంది గట్లమీద తలదాచుకుంటారు. వాళ్లకి ఎడారి భయం చెప్తారా? ఆ డ్యామ్ కడుతున్నది కరెంటు కోసం. కరెంటు తియ్యాలంటే టర్బైన్ల గుండా నీళ్లు కిందికి వదలాల్సిందే కదా! అదే నదిపై టిబెట్‌లో చైనా కట్టిన జాంగ్‌ము జలవిద్యుత్ ప్రాజెక్టు 2015 నుంచి పూర్తిగా నడుస్తోంది. నది ఎండిందా? అసలు ప్రమాదం నీళ్లు రాకపోవడం కాదు, చెప్పకుండా ఒక్కసారిగా రావడం. 2000లో టిబెట్‌లో కొండచరియ విరిగి, ఈ నదిలోకే నీళ్లు చేర్చే యిగాంగ్ నదికి అడ్డం పడింది. జూన్‌లో ఆ కట్ట తెగి వరద సియాంగ్ మీద పడింది. అరుణాచల్‌లో ప్రాణాలు పోయాయి, వంతెనలు కొట్టుకుపోయాయి. ఈ సంగతి ఏ ఫార్వర్డ్‌లోనూ లేదు.

అలాగని భయమంతా ఉత్తదే అనను. ఆ మెసేజ్ చెప్పే డ్యామ్, అంటే 2025 జులైలో టిబెట్‌లోని మెదోగ్ దగ్గర చైనా మొదలుపెట్టిన 60,000 మెగావాట్ల ప్రాజెక్టు, భూకంపాల ప్రాంతంలో ఉంది. వానల్లేని నెలల్లో పైనుంచి వచ్చే నీటి వాటా పెరుగుతుంది కాబట్టి, అప్పుడు వాళ్లు ఎంత నిలిపితే కింద అంత తేడా. ఒండ్రు తగ్గొచ్చు కూడా.

కాబట్టి నిజంగా టెన్షన్ పడుతుంటే వరద సమాచారం గురించి అడగండి. వానాకాలంలో నీటిమట్టాలు చైనా మనకు పంపే ఒప్పందం గడువు 2023లోనే తీరిపోయింది.