‘లాస్ట్ నేమ్’ గడి గారికి పెంచలయ్య కొడుకు రాయునది

మహారాజశ్రీ లాస్ట్ నేమ్ గడి గారి దివ్యసముఖమునకు,

నెల్లూరులో మేము క్షేమం. తమరు క్షేమమేనని తెలుసు. నిన్న మధ్యాహ్నమంతా నెట్ సెంటర్లో మా నాన్న ఆన్‌లైన్ దరఖాస్తు తెరిచి తమరి ఎదుటే కూర్చున్నాం కదా, తమరి పక్కనున్న ఆ ఎర్ర స్టార్ కూడా నిగనిగలాడుతూనే ఉంది.

మా నాన్న పేరు పెంచలయ్య. పెంచలకోన నరసింహస్వామికి మొక్కుకుంటే పుట్టినాయన. మా వైపు ఏ వీధిలో ఆ పేరు పిలిచినా ఇద్దరైనా పలుకుతారు. ఆధార్‌లో ఇంటిపేరు ముందు, పూర్తిగా ఉంది. బ్యాంకు పుస్తకంలో పొడి అక్షరం, పక్కన చుక్క. తమరేమో ఇంటిపేరును తీసుకెళ్లి చివర పెట్టమన్నారు. పెట్టాం. ‘పేరు సరిపోలలేదు’ అన్నారు. పొడి అక్షరం కొడితే ‘కనీసం రెండు అక్షరాలుండాలి’ అన్నారు. చుక్క పెడితే ప్రత్యేక గుర్తులు చెల్లవన్నారు. పోనీ ఖాళీగా వదిలితే ఎర్రబడ్డారు. సెంటర్ అబ్బాయి నోటరీ అఫిడవిట్ తెమ్మన్నాడు. అంటే డెబ్భై దాటిన మనిషి, తను తనేనని స్టాంపు పేపరు మీద ఒట్టేయాలి.

అయ్యా, ఇంటిపేరు మాకు ముందుంటుంది. ఎక్కడివాళ్లమో చెప్పాకే ఎవరమో చెప్పుకుంటాం. పుట్టిందీ పెరిగిందీ రాజమండ్రిలోనే అయినా వీరేశలింగం గారు కందుకూరి వారే. ఆ కందుకూరును ఏ జిల్లాలో కలిపినా ఆయన ఇంటిపేరు మాత్రం కదల్లేదు. మా జిల్లాకు 2008లో పొట్టి శ్రీరాములు గారి పేరు పెట్టారు, ఇంటిపేరు ముందుంచే. తమరి చేతికిచ్చి ఉంటే ‘శ్రీరాములు పొట్టి’ జిల్లా అయ్యేది. ఆ మహానుభావుడే ఇవాళ విమానమెక్కితే ‘మిస్టర్ పొట్టీ, టీయా కాఫీయా’ అని అడిగేవాళ్లు. మా నెల్లూరాయన శ్రీపతి పండితారాధ్యుల బాలసుబ్రహ్మణ్యం గారు తమరి గడిలో పట్టేవారే కాదు. లోకమే పెద్దమనసుతో ఎస్పీ అని సరిపెట్టుకుంది.

మేమొక్కళ్లమే మొండివాళ్లమనుకోవద్దు. చైనా, కొరియా, హంగరీ వాళ్లూ ఇంటిపేరే ముందు చెబుతారు. జపాన్ ప్రభుత్వానికైతే విసుగొచ్చినట్టుంది, ఇంగ్లీషులో రాసినా ఇంటిపేరే ముందని 2020 జనవరి నుంచి తన పత్రాల్లో అట్లాగే రాస్తోంది. ఐస్లాండులో చాలామందికి ఇంటిపేరే లేదు. తండ్రి పేరు చెప్పి, ఆయన కొడుకో కూతురో అంటే సరిపోతుంది. సుకర్ణో, ఆయన తర్వాత సుహార్తో, ఒంటిపేరుతోనే ఇండోనేషియాను ఏలారు. మా వీధి నెట్ సెంటర్‌కి వచ్చి ఉంటే ఇద్దరికీ రేషన్ కార్డు కూడా దక్కేది కాదు. టర్కీలో 1934లో చట్టం చేసి మరీ జనానికి ఇంటిపేర్లు పెట్టించారు. ఇంటిపేరు చివరే ఉండాలని ఇక్కడ చట్టం చేసిందెవరు? తమరేనా?

(పక్కింటి మిడిల్ నేమ్ గడి గారికి నమస్కారాలు. మా ఇళ్లలో తమకు పని లేదు, దయచేయండి.)

కసుమూరు దర్గాకు మొక్కుకుని హిందువులు కూడా మస్తానయ్య, మస్తానమ్మ అని పెట్టుకునే నేల ఇది. ఉత్త ‘మస్తాన్’ అని పాస్‌పోర్టు తీసుకుని దుబాయ్ చూసొద్దామనుకున్నవాళ్లకు 2022 నవంబరులో ఒంటిపేరుకు విజిట్ వీసా లేదన్నారు. అమెరికా వీసా ఇంకా ఘోరం. పాస్‌పోర్టులో మొత్తం పేరు తమరి గడిలోనే పడిందా, అసలు పేరు చోట ‘ఎఫ్‌ఎన్‌యూ’ అని కొడతారు. పేరు తెలియదని దానర్థమట. పళ్లెంలో బియ్యం పోసి, పదిమందీ చూస్తుండగా వేలితో రాసిన పేరు తెలియదట!

ఏందబ్బా నీ బడాయి? స్క్రీన్ మీద రెండంగుళాల గీతవి. నిన్న మా నాన్న పాపం ‘మీ తాత పేరు కూడా వేసి చూడరా, ఊరుకుంటుందేమో’ అన్నాడు. నీకు లంచమివ్వడానికి చచ్చిపోయిన మా తాతను కూడా లేపాలా? అది కూడా చేసేవాళ్లమే, ఈలోపు సర్వర్ డౌనైంది.

సోమవారం అఫిడవిట్ తీసుకుని వస్తున్నాం. అప్పుడు కూడా సరిపోలలేదన్నావంటే ముందు గడిలో పెంచలయ్య, నీ గడిలో పెంచలయ్య అని కొట్టిస్తా. ఏం చేసుకుంటావో చేసుకో.

ఇట్లు,
పెంచలయ్య కొడుకు
(ఐస్లాండు పద్ధతిలో)