అల్మోదోవార్ సినిమాలు గుర్తున్నాయి, బీజీఎం కొట్టినోడే గుర్తులేడు

స్పెయిన్ డైరెక్టర్ పెద్రో అల్మోదోవార్ తీసిన 'విమెన్ ఆన్ ద వెర్జ్ ఆఫ్ ఎ నర్వస్ బ్రేక్‌డౌన్' అనే సినిమా చూసినవాళ్లెవరినైనా మ్యూజిక్ ఎలా ఉందని అడగండి, టైటిల్స్‌లో వచ్చే లోలా బెల్ట్రాన్ పాట గురించి చెప్తారు, లేదంటే చివర్లో వచ్చే లా లూపే పాట గురించి. రెండూ పాత రికార్డులే, ఒకావిడది మెక్సికో, ఇంకొకావిడది క్యూబా. ఆ రెండు పాటల మధ్య సినిమాని మోసిన బీజీఎం ఎవరిదిరా అంటే మాత్రం తడుముకుంటారు. నేనూ అదే బాపతు, రెండోసారి చూసినప్పుడు టైటిల్స్ పాజ్ చేసి చదివితేగానీ బెర్నార్డో బొనెజ్జి అనే పేరు కళ్లబడలేదు.

ఈయన గురించి ఎక్కడ చదివినా ఒకటే కథ: చిన్నప్పుడు పాప్ స్టారు, తర్వాత అల్మోదోవార్ మ్యూజిక్ డైరెక్టరు, ఆ తర్వాత ఏదో చేసుకున్నాడు. ఆ 'ఏదో' దగ్గరే నాకు ఒప్పుకోబుద్ధి కాదు, అసలు పని అక్కడే ఉంది కాబట్టి.

మొదట్నుంచీ చెప్తా. 1964లో మాడ్రిడ్‌లో పుట్టాడు. స్పెయిన్‌ని ఏలిన నియంత ఫ్రాంకో పోయింది 1975 నవంబర్లో, దేశానికి కొత్త రాజ్యాంగం వచ్చింది 1978లో, అదే ఏడు మనవాడు జాంబీస్ అని బ్యాండ్ పెట్టాడు. పద్నాలుగేళ్లు! మన దగ్గర ఆ వయసులో పదో తరగతి స్టడీ అవర్లో కునికిపాట్లు పడుతుంటాం. దశాబ్దాల నియంతృత్వం తర్వాత ఊపిరి పీల్చుకున్న మాడ్రిడ్ కుర్రకారు చేసిన హడావిడినే మొవీదా అంటారు, సింగర్ అలస్కా, రేడియో ఫుతూరా, నాచా పాప్ బ్యాండ్లు, అందరూ ఆ గుంపే, వాళ్లలో కూడా ఇతను పిల్లాడే.

1980లో 'గ్రోయెన్‌లాండియా' అనే పాట వచ్చింది, గ్రీన్‌లాండ్ అన్నమాట. నీకోసం ఎక్కడెక్కడ వెతుకుతానో చెప్పడమే ఆ పాట మొత్తం, గ్రీన్‌లాండ్, పెరూ, టిబెట్, జపాన్ అంటూ మొదలెట్టి శనిగ్రహం వలయాల దాకా పోతాడు. ప్రేమకథ లేదు, విరహం లేదు, అట్లాస్ ముందేసుకుని వేలు పెట్టుకుంటూ పోయినట్టుంటుంది. గొంతు కూడా అంతే, ఏడుపూ ఉండదు నవ్వూ ఉండదు, కానీ వింటుంటే ఈ అబ్బాయికి ఆ మనిషి దొరకదని తెలిసిపోతుంది. ఫీలింగ్ మాటల్లో చెప్పకుండా ట్యూన్ మీద వదిలేయడం, రీరికార్డింగ్ పనంటే అదే కదా, కాబట్టి తర్వాత సినిమాల్లోకి పోయాడంటే నాకు పెద్ద ఆశ్చర్యం అనిపించదు. జాంబీస్ రెండు ఆల్బమ్‌లతో కట్టేశారు.

అల్మోదోవార్‌తో మొదటి సినిమా 1982 నాటి 'లాబిరింత్ ఆఫ్ ప్యాషన్', జోర్రోగా మనోళ్లకి తెలిసిన ఆంటోనియో బాందెరాస్ మొదటిసారి తెరమీద కనిపించింది కూడా అందులోనే. ఒక సీన్లో డైరెక్టర్ గారే లెదర్ జాకెట్టూ నెట్ స్టాకింగ్సూ వేసుకుని సింగర్ ఫాబియో మక్నమారాతో కలిసి స్టేజీ ఎక్కి పాడేస్తాడు, ట్యూన్ బొనెజ్జిదే, అప్పటికి వాడికి పద్దెనిమిది దాటలేదో, అప్పుడే దాటాయో. తర్వాత 1984లో 'వాట్ హావ్ ఐ డన్ టు డిజర్వ్ దిస్', ఇరుకు ఫ్లాట్లో మాత్రలు మింగుతూ బతుకీడ్చే ఇల్లాలు చివరికి హ్యామ్ (పంది తొడ) ఎముకతో మొగుడి తల పగలగొట్టే సినిమా. నవ్వాలా ఏడవాలా అర్థం కాని ఇలాంటి సీన్లకి మ్యూజిక్ ఎటైనా ఒక పక్కకి ఒరిగిందా, సినిమా కామెడీ స్కిట్ అయిపోద్ది, లేదా డైలీ సీరియల్ అయిపోద్ది. బొనెజ్జి ఎటూ ఒరగడు. 1986లో 'మాటడోర్', 1988లో పైన చెప్పిన 'విమెన్', అది ఫారిన్ సినిమాల కేటగిరీలో ఆస్కార్ నామినేషన్ దాకా పోయింది.

అక్కడితో జోడీ విడిపోయింది. తర్వాతి సినిమాకి ఎన్నియో మొరికోనె, ఆ తర్వాత దానికి ర్యూయిచి సకమోతో, 1995 నుంచి అల్బెర్తో ఇగ్లేసియస్. నా లెక్కలో ఇందులో తప్పు పట్టేదేం లేదు, బయటి దేశాల్లో పేరొచ్చాక డైరెక్టర్ చూపు పెద్దోళ్ల మీదకి పోవడం మన ఇండస్ట్రీలో చూడందా ఏంటి. ఇంకోటి, ఆయన సినిమాల్లో బీజీఎంకి ఒక చిక్కుంది. గుండె పిండే చోట పాత బొలేరో, అంటే నెమ్మదిగా సాగే ప్రేమపాట, ఒకటి పెట్టేస్తాడు, 'మాటడోర్'లో ఇటలీ సింగర్ మీనా పాట అలాంటిదే, థియేటర్ బయటికొచ్చాక జనం ఆ పాటే పాడుకుంటారు, కంపోజర్ మిగతా ఖాళీలు పూరించినోడిలా మిగులుతాడు.

ఆ నీడ తప్పుకున్నాకే బొనెజ్జి చెయ్యి తిరిగింది అని నేనంటా. డైరెక్టర్ ఎన్రికే ఉర్బీథు దగ్గర క్రైమ్ సినిమా, గోమెథ్ పెరేరా దగ్గర వరసగా కామెడీలు, అన్నిటికన్నా ముఖ్యంగా అగుస్తిన్ దియాస్ యానెస్ 1995లో తీసిన మొదటి సినిమా, విక్టోరియా అబ్రిల్ నటించింది, పేరుకి అర్థం 'మనం చచ్చాక మన గురించి ఎవరూ మాట్లాడరు' అని. దానికి 1996లో ఎనిమిది గోయా అవార్డులొచ్చాయి, అందులో మ్యూజిక్‌ది బొనెజ్జిది. స్పెయిన్‌లో గోయా అంటే మనకి నేషనల్ అవార్డు లాంటిది అనుకోండి. అల్మోదోవార్ సినిమాలు అన్ని చేసినా రాని గోయా, ఒక కొత్త డైరెక్టర్ సినిమాకి వచ్చింది, అయినా ఇప్పటికీ పరిచయంలో ముందు రాసేది అల్మోదోవార్ పేరే, ఇదిగో నేనూ హెడ్డింగ్‌లో అదే పెట్టా, లేకపోతే మీరు క్లిక్ చేసేవాళ్లు కాదు.

చివరి రోజుల్లో సినిమాలు తగ్గించి, ఎవరి సీన్ కోసమూ కాకుండా సొంతంగా ఇన్‌స్ట్రుమెంటల్ ఆల్బమ్‌లు చేసుకున్నాడు. 2012లో చాన్నాళ్లకి మళ్లీ తనే పాడిన ఆల్బమ్ కూడా ఒకటి వచ్చింది. ఆ ఏడే ఆగస్టు 30న మాడ్రిడ్‌లో పోయాడు, నలభై ఎనిమిదేళ్లు.