ఆర్డర్ వచ్చాకే అసలు తిరుగుడు
"భరణం ఆర్డర్ చేతికొస్తే సగం కష్టం తీరినట్టే" అని వ్యాసంలో రాశారు. మాకు అలా జరగలేదు. మాది ఒడిశాలోని పర్లాకిమిడి. గృహహింస కేసులో మా పిన్ని కూతురికి నెలకు నాలుగు వేలు ఇవ్వాలని ఆర్డరైంది. రెండు నెలలు ఇచ్చి, ఆమె భర్త ఆంధ్రలోని పాతపట్నం వెళ్లిపోయాడు. పట్టుమని పది కిలోమీటర్లు లేదు, కానీ రాష్ట్రం మారిపోయింది. వారెంట్ రెండుసార్లు "ఆ చిరునామాలో లేడు" అని తిరిగొచ్చింది. మేం వెళ్లి చూస్తే షాపులో బస్తాలు తూకం వేస్తున్నాడు! చెల్లి ఆ ఆర్డర్‌ని కవర్లో పెట్టి కుట్టుమిషన్ సొరుగులో దాచింది, మడతల దగ్గర చిరిగిపోతోంది. 2005 గృహహింస చట్టం 20వ సెక్షన్ ప్రకారం, జీతంలో కొంత నేరుగా ఆమెకే కట్టమని అతని యజమానిని మేజిస్ట్రేట్ ఆదేశించవచ్చు. ఈ మాట మాకు మూడేళ్లదాకా ఎవరూ చెప్పలేదు. బకాయి పడ్డ ఏడాదిలోపు వసూలుకు పిటిషన్ వేయకపోతే దానికి వారెంట్ దొరకడం కష్టమనీ అప్పుడే తెలిసింది. పాత బకాయి అలాగే పోయింది. భరణం కట్టనందుకు జైలుకెళ్లొచ్చినా బాకీ తీరిపోదని సుప్రీంకోర్టు 1988లోనే చెప్పింది, కానీ ముందు మనిషిని పట్టుకోవాలి కదా. ఇప్పుడు షాపు యజమాని పేరు పెట్టి మళ్లీ పిటిషన్ వేశాం. వాయిదా వచ్చే నెల.