'అది మా పని కాదు' గారికి బల్లార్షా నుంచి ఒక ఉత్తరం

బల్లార్‌పూర్ (రైలెక్కేవాళ్ళకు బల్లార్షా), మహారాష్ట్ర,
మే నెల, మిట్టమధ్యాహ్నం.

మహారాజశ్రీ 'అది మా పని కాదు' గారికి,

ఇక్కడ మేమంతా ఉడికిపోతున్నాం. మీరు మాత్రం ఎక్కడున్నా చల్లగానే ఉంటారని తెలుసు. మీకు చెమట పట్టగా చూసినవాళ్ళు ఇంతవరకు లేరు.

ఇకమీదట 'మీరు' అనను, ఏమీ అనుకోకు. ఈ వేసవిలో నువ్వు మా గడప తొక్కినన్నిసార్లు నా అన్నదమ్ములు కూడా తొక్కలేదు. స్క్రూడ్రైవర్ పట్టుకుని ఎవరొచ్చినా వాళ్ళ నాలుక మీద కూర్చుని నువ్వూ వచ్చావు. ఒకతను "గది మా పని కాదక్కా" అన్నాడు. ఇంకొకతను "వో అప్నా కామ్ నహీ హై భాభీ" అన్నాడు. మూడో అతను "తే ఆమ్చం కామ్ నాహీ తాయీ" అన్నాడు. మా ఊళ్ళో తెలుగు, హిందీ, మరాఠీ మూడూ తప్పుల్లేకుండా మాట్లాడేది నువ్వొక్కడివే. మా పిల్లలకు కూడా అంత బాగా రాదు.

మా ఎండ సంగతి నీకు తెలియంది కాదు. మే నెలలో 46, 47 డిగ్రీలంటే ఇక్కడ ఎవరూ తల కూడా ఎత్తి చూడరు. వార్ధా నది ఒడ్డున గోండు రాజులు కోట గోడలు అంత మందంగా ఎందుకు కట్టారో నాకు ఈ ఏడాదే అర్థమైంది. శత్రువుల కోసమని చెప్పుకుంటారు గానీ, నాకు నమ్మకం లేదు. చుట్టూ బొగ్గు గనులు, పక్కనే చంద్రపూర్‌లో 2,920 మెగావాట్ల థర్మల్ కేంద్రం. మా మామయ్య కరీంనగర్ నుంచి వచ్చి ముప్ఫై ఏళ్ళు గనిలో చేశాడు. ఆయన తవ్విన బొగ్గుతో ఎక్కడెక్కడో ఎవరెవరి ఇళ్ళల్లోనో ఏసీలు తిరిగి ఉంటాయి. ఆయన మాత్రం కూలర్ గాలికే రిటైరయ్యాడు.

ఆ కూలర్ గురించి కొంచెం చెప్పాలి. రేకు డబ్బా, మూడు వైపులా గడ్డి, లోపల చిన్న పంపు. గాలి పొడిగా ఉన్నన్నాళ్ళు కూలర్‌ను మించింది లేదు. తడి గడ్డిలోంచి వచ్చే గాలి నీళ్ళను ఆవిరి చేస్తూ తాను చల్లబడుతుంది. జూన్‌లో మొదటి వాన పడి గాలి తేమెక్కిందంటే ఇక ఆవిరయ్యేదేముంది, అదే కూలర్ ముందు కూర్చుంటే ఇడ్లీ పాత్రలో కూర్చున్నట్టే. దీనికి ఇంకో గుణం కూడా ఉండేది. ముట్టుకుంటే జిమ్మనేది. అందుకని రబ్బరు చెప్పులేసుకుని నీళ్ళు పోయడం మా ఇంట్లో ఆచారమైంది. మడి కట్టుకుని వంట చేసినంత నిష్ఠగా మా అత్తమ్మ చెప్పులు తొడుక్కుని కూలర్ నింపేది. ఇంటికి ఎర్తింగ్, అంటే లీకైన కరెంటును భూమిలోకి దింపే ఏర్పాటు, సరిగ్గా లేదని, పంపు కరెంటు రేకులోకి దిగుతోందని ఎవరూ చెప్పలేదు. కూలర్ అమ్మినాయన "వైరింగు మా పని కాదు" అన్నాడు. వైరింగు చేసినాయన "కూలర్ మా పని కాదు" అన్నాడు. మనిద్దరికీ పరిచయం అప్పటిదే, గుర్తుందా?

మూడేళ్ళ కింద ఏసీ కొన్నాం. ఒకటిన్నర టన్ను. గని ఇంట్లో టన్నంటే బొగ్గే. ఇద్దరు కుర్రాళ్ళు దాన్ని భుజాన వేసుకుని మెట్లెక్కుతుంటే అత్తమ్మ నన్ను పక్కకు పిలిచి, "ఒకటిన్నర టన్నులని పైసలు తీసుకున్నరు, యాభై కిలోలు కూడా లేదు, తూకం వేయించు" అంది. అది బరువు కాదని, ఒక అమెరికన్ టన్ను ఐసు, అంటే దగ్గర దగ్గర 907 కిలోలు, 24 గంటల్లో కరగడానికి ఎంత వేడి కావాలో అంత వేడిని గదిలోంచి తోడిపోస్తే దాన్ని ఒక టన్ను అంటారని మా ఆడపడుచు కొడుకు వివరించాడు. అత్తమ్మ అంతా విని, "మరి ఐసేది?" అంది.

రెండేళ్ళు బాగానే నడిచింది. ఈ ఏప్రిల్ నుంచి వేసిన ఇరవై నిమిషాలకు టప్పుమని బోర్డులో ఎంసీబీ స్విచ్చు దానంతటదే పడిపోవడం మొదలైంది. ఇక్కడి నుంచి కథ నీదే.

ఏసీ మెకానిక్ వచ్చాడు. మిషను వైపు ఒకసారి, సీలింగ్ వైపు ఒకసారి చూసి, "మీకు వోల్టేజి లేదక్కా, ఇది కరెంటాయన పని" అన్నాడు. చూసినందుకు మూడొందలు. కరెంటాయన వచ్చాడు. స్విచ్చు వేశాడు, తీశాడు, మళ్ళీ వేశాడు. "లైను బ్రహ్మాండంగా ఉంది. మీ మిషనే ఎక్కువ లాగుతోంది. ఇది ఏసీవాళ్ళ పని" అన్నాడు. ఆయనకూ మూడొందలు. మెకానిక్ మళ్ళీ వచ్చి, ఈసారి ఉత్తచేతులతో పోవడం మర్యాద కాదనుకున్నాడో ఏమో, గ్యాసు తగ్గిందన్నాడు, నింపాడు, 2,800 తీసుకున్నాడు. మర్నాడు టప్. కరెంటాయన కూడా మళ్ళీ వచ్చి, 10 ఆంపియర్ల ఎంసీబీ పీకి 32ది పెట్టాడు. "ఇక పడితే నన్నడగండి" అన్నాడు. నిజమే, పడలేదు. నాలుగో రోజు ప్లగ్గు దగ్గర కాలిన వాసన వచ్చింది.

ఎంసీబీ వైరుకు కాపలాదారు అట. వైరు తట్టుకోలేనంత కరెంటు పోతుంటే లైను తెంపడమే దాని ఉద్యోగం. గోడలో సన్న వైరు అలాగే ఉంచి ఎంసీబీ ఒక్కటి పెద్దది చేయడమంటే, కుక్క రాత్రంతా మొరుగుతోందని దానికి నిద్రమందు పెట్టడమే. ఇంతకీ ఆ కుక్క దేన్ని చూసి మొరిగిందో ఎవరూ అడగలేదు.

పూర్తిగా తప్పు వాళ్ళదే అనను. మా ఆడపడుచు కొడుకు ఐటీఐ చేశాడు కాబట్టి తెలిసింది, అక్కడ ఎలక్ట్రీషియన్ వేరే ట్రేడు, ఫ్రిజ్‌లు ఏసీల మెకానిక్ వేరే ట్రేడు. రెండూ రెండేసి ఏళ్ళ చదువే. ఒకరికి రాగి వైరు తెలుసు, ఇంకొకరికి రాగి గొట్టం తెలుసు. కానీ నా ఏసీకి ఆ రెండూ ఒకే డబ్బాలో ఉన్నాయి కదా. దానికి ట్రేడుల సంగతి తెలియదు పాపం. వోల్టేజి పడితే దాని కంప్రెసర్ వేడెక్కుతుంది, కంప్రెసర్ మొరాయిస్తే వైరు వేడెక్కుతుంది. ఆ రెండింటి మధ్య సందులోనే నువ్వు కాపురం పెట్టావు.

అందుకే రెండు పనులూ ఒకే చేతికి ఇవ్వాలని పట్టు పట్టాను. అప్పుడు ఎదురయ్యాడు నీ తమ్ముడు, 'హో జాయేగా'. నువ్వు ఏ పనీ నీది కాదంటావు, వాడు అన్నీ తనవే అంటాడు. స్టేషన్ రోడ్డులో వాడి బోర్డులు ఎన్నో. ఏసీ, ఫ్రిజ్, కూలర్, గీజర్, ఇన్వర్టర్, హౌస్ వైరింగు, మోటార్ వైండింగు, కింద చిన్న అక్షరాల్లో పెళ్ళిళ్ళకు లైటింగు. అయిదుగురికి ఫోన్ చేశాను. ధర ఎంత అని అడగలేదు. అందరూ అడిగే ప్రశ్న అదే కాబట్టి, అందరికీ జవాబు సిద్ధంగా ఉంటుంది. నేను అడిగింది ఒకటే: "గ్యాసు తగ్గింది అంటున్నారు కదా, అది ఎటు పోయింది?"

ఒకాయన "ఎండకు ఆవిరైపోతదక్కా" అన్నాడు. కూలర్ నీళ్ళనుకున్నాడు కాబోలు. ఇంకొకాయన "ప్రతి సంవత్సరం పోసుకోవాల్సిందే, బండికి ఆయిల్ లాగా" అన్నాడు. ఏసీలో గ్యాసు మూసిన గొట్టాల్లో తిరుగుతుంది. వాడితే తరగదు. తగ్గిందంటే ఎక్కడో చిల్లి పడిందని అర్థం. ఆ చిల్లి వెతికి, పూడ్చి, లోపలి గాలినీ తేమనూ పంపుతో లాగేసి, అప్పుడు తూకం ప్రకారం నింపాలి. చిల్లి వదిలేసి నింపితే నా 2,800 గాలిలో కలిసినట్టే. మూడో ఆయన మరీ ధైర్యవంతుడు, "ఏ గ్యాసైనా ఒకటే, ఆర్-22 ఉంది, కొట్టేస్తా" అన్నాడు. మాది ఆర్-32 అనే వేరే గ్యాసుతో నడిచే మిషను. పైగా ఆ ఆర్-32కు కొద్దిగా మండే గుణం కూడా ఉంది. ఆయనకు దండం పెట్టి ఫోన్ పెట్టేశాను.

నాలుగో ఆయనను లైసెన్సు ఉందా అని అడిగాను. బల్బు, ఫ్యాను, ఫ్యూజు, స్విచ్చు మార్చడం లాంటి చిన్న పనులు తప్ప, ఇంట్లో వైరింగు పని లైసెన్సున్న ఎలక్ట్రికల్ కాంట్రాక్టరే చేయించాలి. ఆయన నొచ్చుకున్నాడు. "పదిహేనేళ్ళ నుంచి చేస్తున్నా, ఎవరూ అడగలేదు తాయీ" అన్నాడు. అది నిజమే అయి ఉంటుంది. పెళ్ళిచూపుల్లో పిల్లవాడి ఉద్యోగం గురించి నలుగురిని వాకబు చేస్తాం, ఇల్లంతా కరెంటు పారించేవాణ్ణి మాత్రం ఫోన్ నంబరు చూసి ఒప్పేసుకుంటాం.

అయిదో ఆయన ఫోన్లో ఏమీ చెప్పలేదు. "చూడందే ఎలా చెప్తానక్కా" అన్నాడు. ఆ ఒక్క మాటకే రమ్మన్నాను. తెలుగాయనే, అవతలి రాజురా వైపు. ఇంకో కుర్రాణ్ణి వెంటబెట్టుకొచ్చాడు. ఈయనది కరెంటు, కుర్రాడిది ఏసీ, రసీదు మాత్రం ఒకటే. సోఫాలో కూర్చోకుండా నేరుగా మీటర్ దగ్గరికి పోయి, వోల్టేజి చూశాడు. ఏసీ వేయకముందు 225. వేయించి, గదిలో ప్లగ్గు దగ్గర చూశాడు. 178. వైరులో ఎంత కరెంటు పారుతోందో చూపించే క్లాంప్ మీటర్ తగిలించి కుర్రాణ్ణి పిలిచాడు. పదకొండు ఆంపియర్లు దాటుతోంది. ఈ మిషను ఏడెనిమిదితో సరిపెట్టుకోవాలట.

తేలిందేమిటంటే, ఫాల్స్ సీలింగ్ పైన న్యూట్రల్ వైరుకు, అంటే కరెంటు తిరిగి వెళ్ళే వైరుకు, ఎవరో చేత్తో మెలిపెట్టి టేపు చుట్టిన అతుకుంది. అది వదులై, వేడెక్కి, నల్లగా మాడిపోయింది. వోల్టేజి అక్కడ పడిపోతోంది. డాబా మీది యూనిట్ వెనక జాలీలో బొగ్గు దుమ్ము రొట్టెలా పేరుకుపోయింది. మా ఊరి గాలి మహిమ. వేడి బయటికి పోయే దారి లేక కంప్రెసర్ రొప్పుతూ ఎక్కువ కరెంటు లాగుతోంది.

అంటే ఏమిటో గమనించావా? మొదటి మెకానిక్ "తప్పు కరెంటుది" అన్నాడు, నిజమే. మొదటి కరెంటాయన "తప్పు మిషనుది" అన్నాడు, అదీ నిజమే. ఇద్దరూ ఎదుటివాడి పనిలో లోపం నిలబడ్డచోటి నుంచే కనిపెట్టేశారు. తమ పనిలోది మాత్రం విప్పి చూడలేదు. ఇద్దరు నిజాయితీపరులు నాలుగుసార్లు వచ్చి నిజాలే చెప్పి వెళ్ళాక నా ప్లగ్గు కాలిపోయింది. నీ సత్తాకు ఇంతకంటే రుజువేం కావాలి!

కుర్రాడు జాలీ కడిగాడు. నల్లటి నీళ్ళు తూము దాకా పారాయి, అత్తమ్మ చూసి "మీ మామను గని నుంచి వచ్చినంక ఇట్లనే కడుగుదును" అని కాసేపు మాట్లాడకుండా కూర్చుంది. ఈయన మీటర్ బోర్డు నుంచి ఏసీకి విడిగా 4 చదరపు మిల్లీమీటర్ల వైరు లాగి, 20 ఆంపియర్ల ఎంసీబీ పెట్టాడు. కొత్త ఎర్తింగ్ వేసి, 30 మిల్లీ ఆంపియర్లు లీకైతే చాలు లైను తెంపే ఆర్‌సీసీబీ బిగించాడు. మొదటిరోజే పాత కూలర్ వేస్తే అది పడిపోయింది. ఇన్నేళ్ళ చెప్పుల ఆచారం ఒక్క క్షణంలో పోయింది. పంపు మార్చాం.

తరవాత ఈయన మా బిల్లు తెమ్మన్నాడు. అందులో మాకు మంజూరైన లోడు, అంటే ఒకేసారి ఎంత కరెంటు వాడుకోవచ్చో, రాసి ఉంటుందట. ఒక కిలోవాట్. దాని మీదే ఏసీ, గీజరు, ఫ్రిజ్, మోటారు మూడేళ్ళుగా నడుపుతున్నాం. "ఏసీ కొన్నప్పుడే లోడు పెంచమని దరఖాస్తు పెట్టుకోవాలి కదక్కా" అన్నాడు. నేను మా ఆయన వైపు చూశాను. మా ఆయన కిటికీ వైపు చూస్తూ, "బిల్లులు ఆమె కడుతది, అవి నాకేం తెలుస్తయి" అన్నాడు. నా నోట్లోంచి కూడా వచ్చేసింది: "కట్టడమే నా పని, చదవడం కాదు." ఆ మాట అన్నాక నాలుక కరుచుకున్నాను. నువ్వు స్క్రూడ్రైవర్‌వాళ్ళతో మాత్రమే వస్తావనుకున్నా ఇన్నాళ్ళూ.

రసీదులో ఏ వైరు, ఏ ఎంసీబీ, ఎంత గ్యాసు ఉందో, ఎన్ని నెలల్లో పాడైతే ఉచితంగా చేస్తారో అన్నీ రాయించుకున్నాను. ఏసీ చల్లగా నడుస్తోంది. ఇక నిన్ను సాగనంపుదామనుకున్నాను.

కానీ కొత్త వైరు కోసం గోడకు ఒక కన్నం వేశారు. పిడికిలి పట్టేంత. వెళ్ళిపోతున్న రాజురా ఆయన్ని పిలిచి చూపిస్తే ఆయన చాలా మర్యాదగా, "సిమెంటు మా పని కాదక్కా, మేస్త్రీని పిలవండి" అన్నాడు. మేస్త్రీ వచ్చి చూసి, లోపల వైరుంది, కరెంటు దగ్గర తాపీ పెట్టడం తన పని కాదన్నాడు. ఆదివారం మా ఆయనకు సెలవు. దోసెడు సిమెంటు కలిపి చేతికి ఇద్దామని పిలిచాను. ఆయన ఇంకా నోరు తెరవనేలేదు, నువ్వు కనబడ్డావు.

ఇట్లు,
కన్నంలోంచి వచ్చే వేడిగాలికి ఎదురుగా కూర్చుని,
నీ పాత పరిచయస్తురాలు